బ్రూక్లిన్ పోగొట్టుకొన్న జట్టు

న్యూయార్కు మహానగరములో బ్రూక్లిన్ అను భాగమొకటి కలదు. 1940 ప్రాంతములలో, వేసవికాలపు మధ్యాహ్నవేళ, అచ్చటి వీధులలో ఒక కొననుండి మరియొక కొనకు నడచిపోవు మనిషికి ఆనాటి బేస్ బాల్ ఆటలో ఒక్క బంతి విశేషమైనను తప్పిపోయెడిది కాదని ఆ ఊరి పెద్దలు చెప్పుకొనెడివారు. వేడిమికి తెరచియుంచిన ప్రతి కిటికీలోనుండియు, క్షౌరశాలలోనుండియు, పండ్ల అంగడిలోనుండియు ఒకే కంఠము వినవచ్చుచుండెడిది. క్రికెట్టు వ్యాఖ్యానము వచ్చునప్పుడు రేడియో చుట్టును ఇంటిల్లిపాదియు చేరు మన శ్రోతలకు ఈ మాట నమ్మరానిదిగా తోచదు. కాని ఆ కంఠము ఏ జట్టు కథ చెప్పుచుండెనో ఆ జట్టు 1957 సంవత్సరములో ఊరు విడిచి మూడువేల మైళ్ల దూరము వెడలిపోయెను. ఓడిపోయినందున కాదు; డబ్బు లేనందునను కాదు. యజమాని తీసికొనిపోయెను, అంతే. ఒక జట్టు దానిని కొన్నవానిదా, లేక దానిని కన్నబిడ్డవలె సాకిన ఊరిదా అను తగవు ఆ దేశములో ఆనాడు లేచినది ఈనాటికిని తీరలేదు. ఆ తగవు పూర్వాపరములు చెప్పుటయే ఈ ప్రసంగము.

ముందుగా ఆటను గూర్చి రెండు మాటలు. బేస్ బాల్ లో ప్రక్కకు తొమ్మండుగురు. ఒకడు బంతి విసరును, ఎదుటిజట్టువాడు గుండ్రని కర్రతో కొట్టును. కొట్టినవాడు చదరముగా అమర్చిన నాలుగు మజిలీలను చుట్టి, బయలుదేరిన చోటికే తిరిగివచ్చినచో ఒక పరుగు. బంతి కంచె దాటి ప్రేక్షకులలో పడునట్లు కొట్టినచో అది హోమ్ రన్; మన క్రికెట్టులోని సిక్సరునకు పెద్దన్న వంటిది. వృత్తిగా ఆడు పెద్దజట్లు నేషనల్ లీగ్, అమెరికన్ లీగ్ అని రెండు కూటములు. ఆ దినములలో వేసవియంతయు ఆడి, ఒక్కొక్క కూటమిలో మొదట నిలిచిన జట్లు అక్టోబరులో వరల్డ్ సిరీస్ అను పందెమున తలపడెడివి. ఏడింటిలో నాలుగాటలు ముందుగా గెలిచినవారు విజేతలు. ఇంతవరకు తెలిసిన చాలును. ముఖ్యమైన విషయము మరియొకటి. మన రంజీ జట్లవలె ఇవి ప్రాంతీయ సంఘముల జట్లు కావు. మొదటినుండియు వ్యాపారుల సొత్తు. పేరు ఊరిది, పత్రము యజమానిది.

బ్రూక్లిన్ ఒకప్పుడు న్యూయార్కులో భాగము కాదు, స్వతంత్రనగరము. ఈస్ట్ నదికి ఆవల మన్హాటన్ ద్వీపము, ఈవల బ్రూక్లిన్. 1883 మే నెలలో రెంటికిని నడుమ ప్రసిద్ధమైన వ్రేలాడు వంతెన తెరవబడెను. ఆ సంవత్సరమే ఈ జట్టును పుట్టెను. 1890లో నేషనల్ లీగులో చేరి, చేరిన ఏడే ప్రథమస్థానము సంపాదించెను. 1898 జనవరి 1వ తేదీన బ్రూక్లిన్ నగరము విశాల న్యూయార్కులో కలిసిపోయెను. స్వంత మేయరు పోయెను, స్వంత పురపాలనము పోయెను. ఊరి పేరు రొమ్ముమీద ధరించి దేశమంతట తిరుగునది దాదాపు ఈ జట్టు ఒక్కటే మిగిలెను. తరువాత అరువదేండ్లపాటు ఆ ఊరివారు చూపిన వెర్రి అభిమానమునకు మూలము ఇచ్చట వెదకవలెనని నా తలంపు. నది ఆవలి జెయింట్స్ జట్టుతో వారి వైరము కేవలము ఆటలోని వైరము కాదు; మ్రింగినవానిపై మ్రింగబడినవాని కోపము అందులో కలదు.

జట్టు పేరు మాత్రము చాలకాలము స్థిరపడలేదు. 1880ల చివర ఆటగాండ్రలో పలువురు ఇంచుమించు ఒకేసారి వివాహమాడగా పత్రికలవారు దానిని పెండ్లికొడుకుల జట్టు అని పిలిచిరి. పిమ్మట బ్రూక్లిన్ వీధులలో విద్యుత్తుతో నడచు ట్రాములు వచ్చెను. గుర్రపుబండ్లకు అలవాటుపడిన జనమునకు ఆ వేగము ప్రాణాంతకమాయెను; రోడ్డు దాటుటయే ఒక విద్య. ట్రాములను తప్పించుకొని తిరుగువారని బ్రూక్లిన్ వారిని ఎకసక్కెము చేయుచు పెట్టిన పేరే "ట్రాలీ డాడ్జర్స్". ట్రాలీ జారిపోయి డాడ్జర్స్ మిగిలెను. 1932 నుండి చొక్కాలమీద స్థిరముగా ఎక్కినది ఆ పేరే. ట్రాములు పోయినను, ఊరే మారినను, తప్పించుకొనువారను పేరు మాత్రము నేటికిని నిలిచియున్నది.

ఛార్లెస్ ఎబెట్స్ అను నాతడు 1883లో ఈ జట్టు కచ్చేరిలో గుమాస్తాగా చేరెను. టికెట్టులు అమ్మెను, లెక్కలు వ్రాసెను, కొంచెము కొంచెముగా వాటాలు కొనెను, 1898లో అధ్యక్షుడాయెను. పాత మైదానము కొయ్యతో కట్టినది, అగ్నిభయము. ఎబెట్స్ ఫ్లాట్ బుష్ ప్రాంతమున పిగ్ టౌన్, అనగా పందులపేట, అను చెత్తదిబ్బలచోటును చూచెను. ఎవరికిని పొక్కనీయక ముక్కముక్కగా భూమి కొనుచు వచ్చెను. చివరకు డబ్బు చాలక, మెక్ కీవర్ సోదరులను కంట్రాక్టరులకు సగము వాటా అమ్మి, ఉక్కుతోను కాంక్రీటుతోను మైదానము కట్టించి దానికి తన పేరే పెట్టుకొనెను. అదియే ఎబెట్స్ ఫీల్డ్. 1913 ఏప్రిలులో తెరచిననాడు ద్వారము తాళపుచెవి తెచ్చుట మరచిరనియు, ఎగురవేయవలసిన జెండాయు మరచిరనియు చెప్పుదురు. నేషనల్ లీగు పందెములలో అచ్చట ఆడిన మొదటి ఆట ఏప్రిల్ 9న. ఫిలడెల్ఫియా చేతిలో ఒక్క పరుగుతో ఓటమి. శకునము బాగుగనే పలికెనని పిమ్మటివారు నవ్వుకొనిరి.

1916లోను 1920లోను వరల్డ్ సిరీస్ వరకు పోయి ఓడిరి. ఆ తరువాత ఇరువదేండ్లు మరల ఆ గడప త్రొక్కలేదు. ఆ కాలపు జట్టు చేతగానితనము ఒక కళగా మారినది. 1926 ఆగస్టు 15న బేబ్ హెర్మన్ బంతిని బలముగా కొట్టి తలవంచుకొని పరుగెత్తెను. తీరా చూడగా మూడవ మజిలీ వద్ద తమజట్టు మనుషులే మువ్వురు చేరియుండిరి. బ్రూక్లిన్ వారికి మూడు మజిలీలలోను మనుషులున్నారట అని ఒకడనగా, ఏ మజిలీలో అని రెండవవాడడిగెనను పరిహాసము దీనినుండియే పుట్టెను. 1934లో జెయింట్స్ నాయకుడు బిల్ టెరీ, బ్రూక్లిన్ ఇంకను లీగులో నున్నదా అని పత్రికలవారితో వేళాకోళమాడెను. ఆ సంవత్సరాంతమున చివరి రెండాటలలో జెయింట్స్ ను ఓడించి వారికి ప్రథమస్థానము దక్కనీయనిది ఆ బ్రూక్లినే. ఆ రెండు దినములలో మైదానమునకు వచ్చి టెరీకి వాని మాట వానికే అప్పగించినవారు బ్రూక్లిన్ అభిమానులు. విల్లర్డ్ మల్లిన్ అను వ్యంగ్యచిత్రకారుడు టాక్సీ ఎక్కగా డ్రైవరు "మన పోకిరీలు ఈదినమేమి చేసిరి?" అని అడిగెనట. నాటినుండి చిరిగిన బూట్లు, మాసిన గడ్డము గల పోకిరి బొమ్మయే జట్టునకు గుర్తు. తిట్టుపేరును ఇట్లు ముద్దుపేరుగా మార్చుకొన్న ఊరు అరుదు.

ఇచ్చట రేడియో ప్రవేశించుచున్నది. న్యూయార్కులోని మూడు జట్ల యజమానులు, ఆట ఇంటనే వినవచ్చినచో టికెట్టు కొనువాడెవడని భయపడి, ఐదేండ్లు ప్రసారములు చేయరాదని ఒప్పందము చేసికొని యుండిరి. 1938లో బ్రూక్లిన్ నిర్వహణకు వచ్చిన లారీ మెక్ ఫెయిల్ ఆ గడువు తీరగనే కాదని త్రోసివేసి, 1939లో సిన్సినాటి నుండి రెడ్ బార్బర్ అను వ్యాఖ్యాతను రప్పించెను. బార్బర్ దక్షిణ రాష్ట్రమైన మిసిసిపీలో పుట్టి ఫ్లోరిడాలో పెరిగినవాడు. బ్రూక్లిన్ వారి మాట గరుకు, వేగము. ఆతని మాట మెత్తన, నిదానము. ఆతడు తన ఊరి పల్లెపలుకులను, తగవును కందకూరపేరుతో చెప్పుట వంటివానిని, మొగమాటము లేక వాడెను. కొలది నెలలలో అవియన్నియు బ్రూక్లిన్ వీధిభాష అయినవి. బల్లపై మూడు నిమిషముల ఇసుకగడియారము నుంచుకొని, అది ఖాళీ అయినపుడెల్ల తిరుగవేయుచు పరుగుల లెక్క చెప్పెడివాడు. ఆలస్యముగా రేడియో పెట్టినవాడు ఎదురుచూడవలసిన పని లేదు. ఈ చిన్న మర్యాదను మన వ్యాఖ్యాతలలో కొందరు గమనించిన బాగుండునని అప్పుడప్పుడు నాకనిపించును.

పరాయి ఊళ్లలో జరుగు ఆటలకు ఆతడు పోవు వీలు మొదట లేదు. తంతివార్తగా వచ్చు పొడిమాటలను చూచి, ఆటను మరల కట్టి చెప్పవలెను. ఇతరులు జనఘోష, కర్రచప్పుడు కల్పించి తాము మైదానముననే ఉన్నట్లు నటించెడివారు. బార్బర్ తంతియంత్రపు టకటక శబ్దము శ్రోతలకు వినబడునట్లే ఉంచెను. తాను చూచుట లేదని వారికి తెలియవలెనని ఆతని నియమము. ఆ నియమమువలననే గాబోలు ఊరు ఆతనిని అంతగా నమ్మినది. ఆట చూచుటకు ఎన్నడును రాని స్త్రీలు వంటపని చేసికొనుచు వినివిని ఆట నేర్చిరి. తరువాత మైదానమునకే వచ్చిరి. యజమానులు భయపడిన దానికి సరిగా వ్యతిరేకము జరిగెను. 1941లో ప్రేక్షకుల సంఖ్య 12 లక్షలు దాటెను. 1939 ఆగస్టు 26న పెద్దజట్ల ఆటను మొట్టమొదట టెలివిజనులో చూపినదియు ఎబెట్స్ ఫీల్డునుండియే. అప్పుడును మాట్లాడినవాడు బార్బరే.

మైదానము చిన్నది. సుమారు 32 వేలమందికే కూర్చుండ చోటు. కావున ప్రేక్షకుడు ఆటగానికి ఎంత దగ్గరగా కూర్చుండెననగా, ఒకరి మాట మరియొకరికి వినబడును. హిల్డా చెస్టర్ అను నామె ఆవుమెడలో కట్టు పెద్దగంట తెచ్చి ఆట పొడుగునను మ్రోగించెడిది. ఆమె పేరు తెలియని ఆటగాడు లేడు. కొందరు అభిమానులు డోలు, బాకాలు పట్టుకొని సొంత మేళము కట్టి, అంపైరులు మైదానములోనికి వచ్చునప్పుడు మూడు గ్రుడ్డి ఎలుకల బాలగీతపు వరుస వాయించెడివారు. గ్లాడిస్ గుడింగ్ 1942 నుండి ఆర్గను వాయించెను. కుడివైపు గోడ అడుగున ఏబ్ స్టార్క్ అను బట్టల వర్తకుని ప్రకటన: ఈ బోర్డునకు బంతి తగిలించినవానికి ఒక సూటు ఉచితము. బోర్డు నేలబారున నుండెను, దాని ముందొక చురుకైన ఆటగాడు కాపలా. సూటు కొట్టుకొనిపోయినవారు బహు తక్కువ. ప్రకటనవలన ఊరెల్ల ఎరిగిన స్టార్క్ పిమ్మట బ్రూక్లిన్ బరో అధ్యక్షుడే ఆయెను. ఆటగాండ్రును అదే ఊరి సందులలో అద్దె ఇండ్లలో కాపురముండిరి. గిల్ హాడ్జెస్ ఆ ఊరి పిల్లనే పెండ్లియాడి అచ్చటనే స్థిరపడెను.

1942 చివర మెక్ ఫెయిల్ సైన్యములోనికి పోగా బ్రాంచ్ రికీ వచ్చెను. పంతొమ్మిదవ శతాబ్ది చివరనుండి పెద్దజట్లలో నల్లజాతివాడొక్కడును లేడు. ఏ పుస్తకములోను వ్రాయని నిబంధన అది. వ్రాయలేదు గావున కొట్టివేయుటయు కష్టము. రికీ 1945 ఆగస్టు 28న జాకీ రాబిన్సన్ అను యువకుని రహస్యముగా పిలిపించెను. విశ్వవిద్యాలయమున చదివినవాడు, సైన్యములో అధికారిగా పనిచేసినవాడు, అవమానము సహించు స్వభావము కానివాడు. రికీ గంటల తరబడి ఆతనిని తిట్టిచూపించి, ఇంతకంటె ఘోరముగా తిట్టుదురు, తిరిగి కొట్టని ధైర్యము నీకు కలదా అని అడిగెను. రాబిన్సన్ ఒప్పుకొనెను. 1946లో కెనడాలోని మాంట్రియల్ జట్టులో ఆడి, 1947 ఏప్రిల్ 15న ఎబెట్స్ ఫీల్డులో బోస్టన్ జట్టుపై బ్రూక్లిన్ చొక్కాతో నిలిచెను. ఆనాడు వచ్చిన 26 వేల పైచిలుకు ప్రేక్షకులలో సగమునకు మించి నల్లజాతివారే యని నాటి అంచనా.

రికీ చేసినది ధర్మబుద్ధితోనా, లాభబుద్ధితోనా అని వాదించుట కలదు. రెండును ఉన్నవి, దాచవలసిన పని లేదు. తన జట్టులోని దక్షిణాదివారు కొందరు రాబిన్సన్ తో ఆడజాలమని అర్జీ తయారుచేసిరి. ఏప్రిల్ నెలలోనే ఫిలడెల్ఫియా జట్టు నాయకుడు బెన్ ఛాప్మన్ స్వయముగా ఎబెట్స్ ఫీల్డునకు వచ్చి చెప్పరాని మాటలతో దూషించెను. రాబిన్సన్ పలుకలేదు, పలుకకుండుట చూచి, అంతవరకు ముభావముగా నున్న తోడి ఆటగాండ్రే లేచి ఛాప్మన్ పై విరుచుకుపడిరి. ఆ సంవత్సరము జట్టు లీగులో మొదట నిలిచెను. ప్రేక్షకులు 18 లక్షలు. అంతకుముందు నేషనల్ లీగులో ఏ జట్టునకును అంతమంది రాలేదు. 1949లో రాబిన్సన్ లీగు అంతటిలోను ఉత్తమ ఆటగాడుగా ఎన్నికయ్యెను. బ్రూక్లిన్ జనులందరును జాతిద్వేషము లేని మహానుభావులని నేననను. ఐరిష్, ఇటాలియన్, యూదు, నల్లజాతి పేటలు ఒకదానినొకటి అనుమానముతో చూచుకొను ఊరే అది. కాని ఆ పేటలవారందరు ప్రక్కప్రక్కన కూర్చుండి ఒకే మనిషికొరకు గొంతు చించుకొన్న చోటు ఊరిలో ఆ మైదానమొక్కటే.

ఇంత ప్రేమకు ప్రతిఫలము ఏమి? ఓటమి. 1941 వరల్డ్ సిరీస్ నాల్గవ ఆటలో గెలుపు చేతికందిన క్షణమున మికీ ఓవెన్ చేతినుండి బంతి జారెను. న్యూయార్కు యాంకీస్ గెలిచిరి. 1947, 1949, 1952, 1953: అన్నిట ఆ యాంకీసే. ప్రతి అక్టోబరులోను బ్రూక్లిన్ ఒకే మాట చెప్పుకొనెడిది: వచ్చే ఏడు చూతము. మొదట అది ఆశ, కొంతకాలమునకు పరిహాసము, తుదకు పలకరింపు. 1952 సిరీస్ లో గిల్ హాడ్జెస్ 21 పర్యాయములు కర్రపట్టి ఒక్కసారియు సరిగా కొట్టలేకపోయెను. వేరొక ఊరైనచో కూతలతో తరిమియుండును. బ్రూక్లిన్ వారు ఉత్తరములు, జపమాలలు, తాయెత్తులు పంపిరి. మరుసటి వసంతమునను ఆతని చేయి తిరుగకుండగా, ఒక ఆదివారము చర్చిలో ఫాదర్ హెర్బర్ట్ రెడ్మండ్, ఈదినము ఉపన్యాసమునకు ఉక్క మిక్కుటముగా నున్నది, ఇండ్లకు పోయి దైవాజ్ఞలు పాటింపుడు, గిల్ హాడ్జెస్ కొరకు ప్రార్థింపుడు అని చెప్పి ముగించెను.

అన్నిటిలో చేదైనది 1951. ఆగస్టు 11 నాటికి డాడ్జర్స్ జెయింట్స్ కంటె పదమూడున్నర ఆటలు ముందుండిరి. చివరకు ఇరువురును సమానమైరి. నిర్ణయము కొరకు ఆడిన మూడాటలలో చివరిది అక్టోబరు 3న. తొమ్మిదవ అంకమున 4 పరుగులకు 2గా బ్రూక్లిన్ ముందున్నది. రాల్ఫ్ బ్రాంకా విసరిన బంతిని బాబీ థామ్సన్ ప్రేక్షకులలోనికి కొట్టెను. మూడు పరుగులు వచ్చెను. జెయింట్స్ వ్యాఖ్యాత రస్ హాడ్జెస్ జెయింట్స్ గెలిచిరని అదే వాక్యము మరల మరల కేకలువేసిన ఆ ధ్వని నేటికిని వినవచ్చును. వినవచ్చుటకు కారణము ఏ రేడియో కేంద్రమును కాదు. బ్రూక్లిన్ లో నివసించు ఒక జెయింట్స్ అభిమాని పనికి పోవుచు, చివరి భాగమును టేపు యంత్రమున పట్టియుంచుమని తల్లికి చెప్పిపోయెను. ఆ తల్లి మీట నొక్కియుండనిచో ఆ కేక గాలిలోనే కలిసిపోయెడిది. జెయింట్స్ వారు ఆ ఏడు తమ మైదానపు గదిలో దుర్భిణి నుంచి ఎదుటివారి సైగలను దొంగిలించుచు వచ్చిరని పత్రికలలో రుజువులతో బయటపడునప్పటికి 2001వ సంవత్సరము వచ్చెను. బ్రాంకా అప్పటికి ఏబదేండ్లుగా ఆ ఒక్క బంతి భారము మోయుచునే ఉండెను.

1955 అక్టోబరు 4. మరల యాంకీస్, మరల ఏడవ ఆట, వారి మైదానమే. బంతి విసరువాడు జానీ పాడ్రెస్. నాలుగు దినముల క్రితమే 23 నిండినవి. హాడ్జెస్ కొట్టిన దెబ్బలతోనే బ్రూక్లిన్ వారి రెండు పరుగులును వచ్చెను. ఆరవ అంకమున ఇరువురు యాంకీస్ మజిలీలపై నుండగా యోగీ బెర్రా బంతిని ఎడమవైపు గీత వెంబడి దూరముగా కొట్టెను. అప్పుడే ఆ స్థానమునకు మార్చబడిన క్యూబా దేశస్థుడు శాండీ ఆమొరోస్ పరుగెత్తిపోయి కుడిచేయి చాచి పట్టెను. ఆతడు ఎడమచేతివాటము గలవాడగుటచే తొడుగు కుడిచేతికుండెను, వేరొకడైనచో అందదు. తుదిబంతిని అందుకొని హాడ్జెస్ కు విసరినవాడు నాయకుడు పీ వీ రీస్. అంతకుముందు యాంకీస్ చేతిలో ఓడిన ఐదు సిరీస్ లలోను ఆడినవాడు. 2-0. ఏడుసార్లు ఓడి ఎనిమిదవసారి గెలుపు. ఆ సాయంకాలము బ్రూక్లిన్ లో టెలిఫోనులు పలుకలేదు. అందరును ఒకేసారి అందరికిని చెప్పబూనిరి. జట్టు కష్టసుఖములను తరతరములుగా అచ్చువేసిన బ్రూక్లిన్ ఈగిల్ పత్రిక మాత్రము ఆ వార్త వేయుటకు లేదు. ఆ జనవరిలోనే సమ్మెలో చిక్కి మూతపడినది.

రెండేండ్లలో జట్టును పోయినది. రికీ వాటా కొని 1950లో అధిపతియైన వాల్టర్ ఓమాలీ న్యాయవాది. ఆతని లెక్క ఇట్లున్నది. మైదానము పాతబడినది, కార్లు నిలుపుటకు 700 కార్ల చోటును లేదు, కార్లు గల తెల్లజాతి కుటుంబములు లాంగ్ ఐలండ్ శివారులకు తరలుచున్నవి. 1947లో 18 లక్షలు వచ్చిన ప్రేక్షకులు, జట్టు విజేతయైన 1955లోను పది లక్షల చిల్లరయే. బోస్టన్ నుండి 1953లో మిల్వాకీ పోయిన జట్టునకు ఏటేట ఇరువది లక్షలు వచ్చుచున్నారు. అట్లాంటిక్, ఫ్లాట్ బుష్ వీధులు కలియు చోట భూమి చూపినచో నా సొమ్ముతోనే మైదానము కట్టుకొందునని ఓమాలీ కోరెను. గుమ్మటము గల మైదానమునకు బక్ మిన్స్టర్ ఫుల్లర్ చేత నమూనా గీయించెను. ఆ భూమి ముక్కలను సేకరించి ఇప్పించు అధికారము రాబర్ట్ మోజెస్ ది. ఎన్నిక కాకయే న్యూయార్కు రోడ్లను, వంతెనలను, పార్కులను దశాబ్దములు శాసించిన అధికారి. ప్రైవేటు వ్యాపారికి ప్రభుత్వాధికారముతో భూమి ఇప్పించుట ప్రజాప్రయోజనము కాదని ఆతడు నిరాకరించి, క్వీన్స్ లోని ఫ్లషింగ్ మెడోస్ చూపెను. అచ్చటికి పోయినచో మేము బ్రూక్లిన్ డాడ్జర్స్ కాము గదా అని ఓమాలీ జవాబు. క్వీన్స్ కు పోయిన బ్రూక్లిన్ కాదన్నవాడు కాలిఫోర్నియా పోవుట తర్కమునకు వింతగనే ఉన్నది.

1956లో ఏడాటలు, 1957లో ఎనిమిదాటలు జెర్సీ సిటీలో ఆడించి ఊరిని బెదరించెను. మైదానమును ముందే ఒక కట్టడముల వ్యాపారికి అమ్మివేసెను. బ్రూక్లిన్ వారు దశాబ్దములపాటు ఓమాలీనే శపించిరి. బ్రూక్లిన్ లో పుట్టిన ఇద్దరు పత్రికారచయితలు శతాబ్దపు ముగ్గురు దుర్మార్గుల పేర్లు వేర్వేరుగా వ్రాసి చూచుకొనగా హిట్లర్, స్టాలిన్, ఓమాలీ అని రెండును కలిసినవట. నవ్వుకొనుటకు బాగుగనే ఉన్నది. కాని మొదటి ఇద్దరిచే చచ్చినవారిని తలచుకొనిన నవ్వు నిలువదు. పత్రములు పరిశీలించిన చరిత్రకారులు పిమ్మట మోజెస్ పాలు ఎక్కువని చూపిరి. నా అభిప్రాయమడిగినచో, మోజెస్ చెప్పిన సూత్రము తప్పు కాదు; ఓమాలీ చెప్పిన లెక్కయు తప్పు కాదు. ఆ బల్లచుట్టు కూర్చుండినవారిలో గంట మ్రోగించిన హిల్డా చెస్టర్ తరపున మాట్లాడువాడొక్కడును లేడు.

1957 సెప్టెంబరు 24 రాత్రి చివరి ఆట. వచ్చినవారు 6,702 మంది. పిట్స్ బర్గ్ పై 2-0 గెలుపు. వెడలుట ఇంకను అధికారముగా ప్రకటింపబడలేదు. గ్లాడిస్ గుడింగ్ మాత్రము ఆట పొడుగునను వీడ్కోలు వరుసలే వాయించెను. అక్టోబరు 8న ప్రకటన వచ్చెను. జెయింట్స్ ను అదే ఏడు శాన్ ఫ్రాన్సిస్కో పోవుటకు నిశ్చయించుకొనిరి. ప్రేమించుటకు జట్టును, ద్వేషించుటకు జట్టును ఒకేసారి పోయినవి.

లాస్ ఏంజెలిస్ కథలోను కన్నీరు కలదు. ఓమాలీకి ఆ నగరము ఇచ్చిన భూమి, సుమారు 300 ఎకరములు, ఛావెజ్ రవీన్ అను కొండలోయ. అచ్చట మెక్సికన్ కుటుంబములు తరములుగా నివసించుచుండెను. ప్రభుత్వము ఇండ్లు కట్టించునని చెప్పి 1950 తరువాత వారిని ఖాళీ చేయించి, పిమ్మట ఆ పథకమునే మానుకొనెను. కదలక నిలిచిన చివరి కుటుంబములను 1959 మే 8న పోలీసులు మోసికొనివచ్చి బయట నుంచిరి. ఆ లోయలో 1962 ఏప్రిలులో డాడ్జర్ స్టేడియము తెరవబడెను. అంతవరకు కొలీజియమ్ అను మహాక్రీడాస్థలమున ఆడిరి. మోటారు ప్రమాదమున కాళ్లుచేతులు పడిపోయిన బ్రూక్లిన్ ఆటగాడు రాయ్ కాంపనెల్లా గౌరవార్థము 1959 మే 7న జరిగిన ఆటకు 93,103 మంది వచ్చిరి. దీపములు ఆర్పగా వేలకొలది అగ్గిపుల్లలు వెలిగెను. ఆతడు లాస్ ఏంజెలిస్ చొక్కాతో ఒక్క ఆటయు ఆడియుండలేదు.

ఆ కొలీజియములో వెనుకవరుసల వారికి ఆట కనబడునంత దగ్గర కాదు. వారు ట్రాన్సిస్టరులు తెచ్చుకొని, ఎదుట జరుగునదే రేడియోలో వినెడివారు. వేలకొలది చిన్నయంత్రములనుండి ఒకే కంఠము లేచి మైదానమంతటను పరచుకొనెడిది. ఆ కంఠము విన్ స్కల్లీది: 1950లో బ్రూక్లిన్ లో రెడ్ బార్బర్ చేతిక్రింద చేరి, జట్టుతోపాటు తరలివచ్చి, 2016 వరకు 67 ఏండ్లు వ్యాఖ్యానము చేసినవాడు. బ్రూక్లిన్ నుండి చెడక వచ్చినది అదొక్కటే యనవచ్చును. వచ్చిన రెండవ ఏడే జట్టు వరల్డ్ సిరీస్ గెలిచెను. పిమ్మటను పెక్కుసార్లు గెలిచినది. ఎవరి ఇండ్లు కూలినవో వారి జాతివారిలోనే 1981లో ఫెర్నాండో వాలెన్జువేలా ఆటను చూచుటకు బారులు తీరినవారుండిరి.

ఎబెట్స్ ఫీల్డును పడగొట్టు పని 1960 ఫిబ్రవరి 23న మొదలాయెను. గోడలు కొట్టు ఇనుపగుండునకు తెల్లరంగు పూసి, ఎర్రని కుట్లు గీసి, బేస్ బాలు బంతివలె చేసిరి. అది ఎవరి వేడుకయో తెలియదు. చక్రములకుర్చీలో వచ్చిన కాంపనెల్లా చేతికి ఆ మైదానపు మట్టి ఇచ్చిరి. 1964లో జెయింట్స్ వారి పాత మైదానమును పడగొట్టినదియు ఆ గుండే. ఎబెట్స్ ఫీల్డు స్థలమున పెద్దపెద్ద నివాసభవనములు లేచినవి. బంతాటలు ఆడరాదని ఆవరణలో బోర్డు వ్రేలాడదీసిరి. 1962లో న్యూయార్కునకు మెట్స్ అను క్రొత్తజట్టు వచ్చెను. డాడ్జర్స్ నీలిరంగు, జెయింట్స్ నారింజరంగు కలిపి ధరించినది. 1964 నుండి వారి మైదానము ఫ్లషింగ్ మెడోస్ లోనే, ఓమాలీ కాదన్నచోటనే. 2009లో అచ్చట క్రొత్తగా కట్టిన మైదానపు ముఖద్వారమును ఎబెట్స్ ఫీల్డు ముఖద్వారమువలె ఇటుకలతో, కమానులతో తీర్చి, లోపలి గుండ్రని సభామండపమునకు జాకీ రాబిన్సన్ పేరు పెట్టిరి.